పొద్దుటి సంతకాలు

“అమ్మా, రెండో గది తాళంచెవి ఎక్కడ పెట్టిందో అడుగు.”

“అడగడానికి అదేమన్నా పొరుగూళ్ళో ఉందట్రా? నీ వెనకాలే కూర్చుని కూర తరుగుతోంది.”

“నువ్వు అడుగు.”

అత్తగారు కోడలివైపు తిరిగింది. “విన్నావుగా అమ్మాయ్?”

“విన్నాను అత్తయ్యా. మేకుకే ఉందని చెప్పండి.”

“మేకుకే ఉందిట,” అని ఆవిడ మళ్ళీ కొడుకు వైపు తిరిగి మెడ తడుముకుంది. “ఒరే, నాలుగు రోజుల్నుంచి అటో మాట ఇటో మాట మోసి మోసి నా మెడ పట్టేసింది. పోస్టుమానుకైనా నెల తిరిగేసరికి జీతం వస్తుంది.”

ఇంకో రోజైతే ఆ మాటకి మొగుడూ పెళ్ళాం ఇద్దరూ నవ్వేవారు. గురువారం బ్యాంకు ఉత్తరం వచ్చిన దగ్గర్నుంచీ ఆ ఇంట్లో నవ్వూ లేదు, ఎదురెదురు మాటా లేదు. ఉత్తరం వంటింటి అరలో, పప్పు డబ్బా కింద ఉంది. దాన్ని పైకి తీసేవాళ్ళూ లేరు, పారేసేవాళ్ళూ లేరు.

అందులో ఉన్నవి మూడు ముక్కలు. బైండింగ్ కార్మికుల సహకార సంఘం కటింగ్ మిషన్ కోసమూ, కాగితం కోసమూ తీసుకున్న అప్పు తీర్చలేదు గనక, తీర్మానం మీద సంతకాలు చేసిన సభ్యులు కలిసిగానీ విడివిడిగాగానీ సొంత ఆస్తుల్లోంచి తీర్చాలి. ఆస్తి ఉన్న సభ్యులెవరైనా పూచీ పడితే అయిదేళ్ళ వాయిదాలు ఇస్తాం. సోమవారం పదకొండింటికి వచ్చి ఏదో ఒకటి తేల్చకపోతే మంగళవారం మిషన్ పట్టుకుపోయి, మిగతాది ఎవరి దగ్గర దొరికితే వాళ్ళ దగ్గర వసూలు చేసుకుంటాం.

ఇవాళ సోమవారం.

సంఘంలో ఉన్నది పదకొండు మంది. పదిమంది అద్దె ఇళ్ళల్లో కాలక్షేపం చేస్తున్నవాళ్ళే. పదకొండో మనిషి ఈ కోడలు. సంఘానికి సెక్రటరీ. ‘విడివిడిగా’ అన్న మాట చూడ్డానికి ఎంత మర్యాదగా ఉందో అర్థం అంత మొరటుగా ఉంది. పదకొండు మంది అప్పుకి బ్యాంకు చేతికి అందేది ఒక్క ఇల్లు.

రెండో గదిలో పెట్టె మూత తీసిన చప్పుడైంది. ఆయన బయటికి వచ్చేసరికి చేతిలో ఇంటి కాగితాల కవరు ఉంది. దాన్ని డ్యూటీ సంచిలో టిఫిన్ డబ్బా కింద పెట్టుకున్నాడు.

“బస్సు నడపడానికి ఇంటి కాగితాలెందుకురా?” అంది తల్లి. “దారిలో ఎవరైనా ఆపి అడుగుతారా?”

“ఇంట్లో ఉంటే వాటికి కాళ్ళొస్తాయి. నడుచుకుంటూ బ్యాంకుకి పోతాయి.”

కోడలి చేతిలో కత్తి ఆగిపోయింది. “నేను దొంగనా అని అడగండి అత్తయ్యా.”

“దొంగ అన్నానా అమ్మా?” అన్నాడాయన గోడకేసి చూస్తూ. “మనిషి మంచిదే. ఆ మనిషి సంతకంతోనే వచ్చింది చిక్కంతా. ఖాళీ కాగితం కనిపిస్తే చాలు, ఎగిరి కూర్చుంటుంది.”

“అది పద్ధతి అత్తయ్యా. పదమూడేళ్ళుగా అందరం అలాగే...”

“పద్ధతి అందరిదీ. ఇల్లు మాత్రం మాదొక్కళ్ళదీ. నువ్వే చెప్పమ్మా. పద్దెనిమిదేళ్ళు స్టీరింగు పట్టుకుని వేలాడాను. రెండో గది కప్పు మొన్న వానలకి ముందు పోశాం. ఇంకా సున్నమైనా కొట్టించలేదు. ఎవరో పదిమంది కోసం దాన్ని గాల్లో దీపం చెయ్యమంటే నేనేం కావాలి?”

“ఎవరో పదిమంది కాదు. కప్పు పోసిన రోజు తట్టలందించింది వాళ్ళేనని చెప్పండి.”

ఆ మాట అత్తగారు మోయలేదు. మోయనక్కర్లేకుండానే చేరింది. ఆయన టీ గ్లాసు సగంలో పెట్టేసి చెప్పులేసుకున్నాడు.

“డ్యూటీ మధ్యాహ్నం కదరా?”

“మార్చుకున్నాను,” అని వెళ్ళిపోయాడు.

కోడలు తరిగిన ముక్కలన్నీ గిన్నెలోకి తోసింది. ఆయన అన్నదాంట్లో తప్పు లేదు. అదే ఆమెకి ఎక్కువ కష్టంగా ఉంది. తప్పు మాట్లాడే మొగుడితో నాలుగు రోజులు కాదు, నలభై రోజులైనా పోట్లాడొచ్చు. న్యాయం మాట్లాడే మొగుడితో ఎంతసేపని పోట్లాడుతుంది?

ఆయన వీధి మలుపు తిరిగాడో లేదో, ఆమె తమ్ముడు సైకిలు గోడకి ఆనించి లోపలికి వచ్చాడు. ప్లీడరు దగ్గర గుమస్తా. పదేళ్ళు ఫైళ్ళు మోసి మోసి చట్టం కాస్త ఒంటికి పట్టించుకున్నాడు. చంకలో ఒక కవరు, మొహం నిండా పెళ్ళి కళ.

“అక్కా, నువ్వు బయటపడ్డావు.”

“ఎక్కణ్ణుంచి?”

“అప్పులోంచి. ఇదిగో అఫిడవిట్. కింద సంతకం పెట్టు, పదకొండింటికి మేనేజరు చేతిలో పెడదాం.”

ఆమె చేతులు తుడుచుకుని కాగితం అందుకుంది.

తమ్ముడు కనిపెట్టిన దారేమిటో తెలియాలంటే బైండింగు వాళ్ళ పద్ధతి ఒకటి తెలియాలి. పనిలోకి దిగితే సాయంత్రం దాకా చేతులకి మైదా జిగురు. ఎంత కడిగినా గోళ్ళ సందుల్లో ఉండనే ఉంటుంది. ఆ చేత్తో మినిట్స్ పుస్తకం ముట్టుకుంటే పేజీకి పేజీ అతుక్కుపోతుంది. మొదటి సంవత్సరం అలాగే మూడు సమావేశాలు ఒకదానికొకటి అంటుకుని ఒకే అట్ట అయిపోయాయి. అప్పట్నుంచీ సమావేశం ఉన్న రోజు పొద్దున్నే, పని మొదలెట్టకముందే, శుభ్రమైన చేతులతో అందరూ ఖాళీ పేజీ అడుగున సంతకాలు పెట్టేస్తారు. సాయంత్రం మాట్లాడుకున్నది పైన సెక్రటరీ ఒక్కతే, చేతులు సబ్బుతో తోముకుని రాస్తుంది. ఈ తెలివైన పద్ధతి పెట్టింది ఎవరో కాదు, ఆమే.

“బ్యాంకు దగ్గరున్న నకలు మీద తేదీ చూశాను,” అన్నాడు తమ్ముడు. “మీ అత్తగారికి కంటి ఆపరేషన్ అయిన రోజు. నువ్వు పొద్దున సంతకం పెట్టేసి ఆస్పత్రికి వెళ్ళిపోయావు. సమావేశం సాయంత్రం. అప్పు సంఘం తీర్చకపోతే సభ్యులం సొంతంగా తీరుస్తామన్న తీర్మానం నువ్వు లేనప్పుడు రాశారు. ఆస్పత్రి కాగితాలు సాక్ష్యం. ‘నేను ఖాళీ పేజీ మీద సంతకం పెట్టాను, తర్వాత దాని మీద ఏం రాశారో నాకు తెలీదు.’ ఇంతే రాశాను. వెతికి చూడు, ఒక్క అబద్ధం లేదు.”

“నా కన్ను ఇంత పని చేసిందన్నమాట,” అంది అత్తగారు.

కోడలు కాగితం రెండుసార్లు చదివింది. “మరి మిగతా వాళ్ళు?”

“వాళ్ళకి పోయేదేముందక్కా? ఆస్తులా పాస్తులా?”

“మిషన్ పోతుంది. మిషన్ పోతే లైబ్రరీ పని పోతుంది.”

“ఏం లైబ్రరీ?”

“చిరిగిపోయిన పుస్తకాలన్నీ మళ్ళీ బైండు చెయ్యమని మాట్లాడుతున్నారు. మూడేళ్ళ పని. యాభై పుస్తకాలు మచ్చుకి చేసిస్తున్నాం. అది దక్కితే వాయిదాలు కట్టుకోగలం. మిషన్ లేకపోతే అది దక్కదు.”

“దక్కితే, లేకపోతే. బావ ఇంటి మీద ఈ మాటలతో కప్పు పోశాడా?”

ఆమె కాగితంలో ఒక వరస మీద వేలు పెట్టింది. “నాకు తెలీదని రాశావు.”

“నిజమేగా.”

“ఆ మిషన్ కొనాలని ఇంటింటికీ తిరిగి అందర్నీ ఒప్పించింది నేనురా. పాత చేతి కత్తి కింద బాబాయ్ రెండు వేళ్ళు పోయినప్పుడు గుడ్డ చుట్టింది నేను. ఆ సాయంత్రం నేనక్కడుంటే అందరికంటే ముందు చెయ్యెత్తేదాన్ని.”

“ఎత్తలేదుగా. చట్టం ఎత్తిన చేతుల్నే లెక్కపెడుతుంది.”

“కాగితం మీద ఇది నిజమే. నా నోటితో చెప్తే అబద్ధమవుతుంది.”

తమ్ముడు అత్తగారి వైపు చూశాడు, కనీసం ఈవిడైనా బుద్ధి చెబుతుందని. ఆవిడ కొడుకు వదిలేసిన టీ తాగుతోంది.

“పెట్టమని నేను చెప్పను, పెట్టొద్దనీ చెప్పను,” అందావిడ. “ఆ రోజు నా మంచం పక్కన కూర్చున్నందుకు ఇల్లు నిలిస్తే నాకంటే సంతోషించేవాళ్ళెవరు? కానీ అమ్మాయ్, పెట్టిన సంతకం మీద ఏం రాసుందో చూసుకోకుండా ఇంకో సంతకం పెట్టకు. ఆ పుస్తకం తెరిచావా?”

తెరవలేదు. నకలులో తీర్మానం, దాని కింద తన సంతకం చూశాక అసలు పుస్తకం తెరవడానికి ఆమెకి నాలుగు రోజులుగా ధైర్యం చాల్లేదు.

“పదరా షెడ్డుకి,” అంది తమ్ముడితో.

*

షెడ్డు రెండు వీధుల అవతల. పెద్ద రేకుల గది. గుమ్మం దగ్గరే ఉడికించిన మైదా వాసన ముక్కుకి తగులుతుంది. ఒక పక్క నలుగురు ఆడవాళ్ళు చిరిగిన పుస్తకాల ఫారాలు, అంటే మడత కాగితాల కట్టలు, విడదీస్తున్నారు. ఇంకో పక్క సూదీ దారంతో కుడుతున్నారు. మధ్యలో కటింగ్ మిషన్. దాని మీద ఎవరో తెల్లారే తుడిచిన గుడ్డ మడత పెట్టి ఉంది. రేపు వెళ్ళిపోయే మిషన్ని కూడా తుడిచారు.

సెక్రటరీని చూడగానే అందరూ తలలు వంచుకుని ఇంకా గట్టిగా పని చేశారు. ఎవరూ ఏమీ అడగలేదు. అడిగి ఉంటే బాగుండేది.

మిషన్ దగ్గరున్నది ఎనిమిది వేళ్ళ బాబాయ్. ఆ పేరు ఆయనే పెట్టుకున్నాడు, ఇంకొకళ్ళు పెట్టేలోపల. తమ్ముడి చంకలో కవరు చూసి ఆయన వేరే అడగలేదు.

“సంతకం పెట్టెయ్యమ్మా,” అన్నాడు.

“మీకెవరు చెప్పారు బాబాయ్?”

“ప్లీడరు కాగితం చదవక్కర్లేదు, మోసేవాడి మొహం చూస్తే చాలు. పెట్టెయ్. మేమేమీ అనుకోం. ఒకరి ఇల్లు కూల్చుకుని పదిమందిమి అన్నం తింటామా?”

“మిషన్ తీసుకుపోతే మీరేం చేస్తారు?”

“పాత కత్తి ఉందిగా మూల. ఇంకా ఎనిమిది ఉన్నాయి నాకు.”

ఆయన నవ్వాడు. ఆమెకి ఏడుపొచ్చింది. మొహం తిప్పుకుని బీరువా తెరిచి మినిట్స్ పుస్తకం తీసింది. నీలం గుడ్డ, తోలు మూలలు. తన చేత్తో బైండు చేసిన పుస్తకం. తేదీ వెతుక్కుంటూ పేజీలు తిప్పింది.

ఆ పేజీలో చేతిరాత తనది కాదు. పొడుగాయనది. అప్పట్లో ఆయన సంఘానికి ప్రెసిడెంటు. ఆమె లేని రోజు ఆయనే రాశాడు. నిలువెత్తు మనిషిలాగే అక్షరాలు కూడా పొడుగ్గా, కాస్త వాలి ఉంటాయి.

‘హాజరైన వారు పదకొండు మంది. సెక్రటరీ గారు అత్తగారి ఆపరేషన్ వల్ల ఆస్పత్రిలో ఉండి రాలేదు. కింద ఉన్న ఆవిడ సంతకం పొద్దున చేసింది. అది ఈ తీర్మానానికి ఒప్పుకున్నట్టు కాదు. ఆవిడ వచ్చాక అడిగి, ఒప్పుకుంటే వేరే రాయించుకోవాలి.’

దాని కింద తీర్మానం. దాని కింద పన్నెండు సంతకాలు, అప్పటికి పొడుగాయన కూడా సభ్యుడే. మొదటిది ఆమెది.

“బ్యాంకుకి తీర్మానం దగ్గర్నుంచే నకలిచ్చారు!” తమ్ముడు ఎగిరి గంతేసినంత పని చేశాడు. “అక్కా, ఇంక అఫిడవిట్ కూడా అక్కర్లేదు. ఈ పేజీ చాలు. నిన్నెవరూ ముట్టుకోలేరు.”

ఆమె అట్టల కట్ట మీద కూర్చుండిపోయింది.

“రాస్తున్నప్పుడే అడిగాను,” అన్నాడు బాబాయ్. “ఇదంతా ఎందుకయ్యా, మిషన్ కావాలని మొదలెట్టిందే ఆవిడ కదా అని. ‘ఆవిడకి ఇల్లుంది బాబాయ్. ఇల్లున్నవాళ్ళు ఎదురుగా కూర్చుని, విని, ఒప్పుకోవాలి’ అన్నాడు.”

“మరి నాకెవరూ ఎందుకు చెప్పలేదు?”

“నువ్వు చదువుతావనుకున్నాం.”

చదవలేదు. మర్నాడు వచ్చింది, పేజీ తిప్పింది, కొత్త పేజీలో కొత్త సంగతులు రాసుకుంది. ఊళ్ళో వాళ్ళ పుస్తకాలన్నీ బైండు చేసే మనిషి సొంత పుస్తకంలో ఒక్క పేజీ చదువుకోలేదు.

అదొక్కటే అయితే సర్దుకునేది. ఎనిమిది నెలల క్రితం, పెద్ద ఆర్డరు ఇచ్చిన ప్రచురణ సంస్థ దివాలా తీసి, కుట్టిన పుస్తకాలు కుట్టినట్టే షెడ్డులో మిగిలిపోయినప్పుడు, అందరి ముందూ పొడుగాయన్ని పట్టుకుని ఆమె అంది. “నువ్వు తెచ్చిన ఆర్డరే మమ్మల్ని ముంచింది అన్నయ్యా. నీకేం, నువ్వు తేలతావు.” ఆయన ఆ సాయంత్రమే రాజీనామా రాసిచ్చి, రెండు సందుల అవతల చిన్న స్టేషనరీ దుకాణం కొనుక్కున్నాడు. నిజంగానే తేలాడని అందరూ అనుకున్నారు. ఆమె ఆ వీధిలో నడవడం మానేసింది.

“టైమవుతోంది,” అన్నాడు తమ్ముడు.

ఆమె పుస్తకం చంకన పెట్టుకుని లేచింది. “బాబాయ్, మీరూ రండి.”

*

బ్యాంకు మేనేజరు మర్యాదస్తుడు. చెడ్డ వార్త చెప్పేవాళ్ళకి కుర్చీలు చూపించడం బాగా వస్తుంది. ముగ్గుర్నీ కూర్చోబెట్టి, పేజీ మొత్తం చదివి, కళ్ళద్దాలు తీశాడు.

“ఇది చూస్తే మీ మీదకి రావడం మాకు కష్టమే మేడం. మీరు తప్పుకుంటున్నట్టు ఒక ముక్క రాసిస్తే...”

“ఆ సమావేశానికి నేను లేను,” అంది ఆమె. “అది నిజం. కానీ ఆ మిషన్ కావాలని అందరికంటే ముందు అడిగింది నేనే. అదీ నిజమే.”

తమ్ముడు నెత్తి పట్టుకున్నాడు. “అక్కా, రెండో నిజం ఎవరడిగారు?”

“అంటే ష్యూరిటీ ఉంటారా, ఉండరా?” అన్నాడు మేనేజరు. “అది తేలితే చాలు. ఉంటే వాయిదాలు, మిషన్ మీ దగ్గరే. లేకపోతే రేపు మా వాళ్ళు వస్తారు.”

ఆమె చేతులు ఒళ్ళో పెట్టుకుంది. గోళ్ళ సందుల్లో ఎప్పటిదో జిగురు తెల్లగా ఉంది. ఉంటానని చెప్పాలని ప్రాణం కొట్టుకుంటోంది. కప్పు పోసిన రోజు ఇంటాయన కిందనించి పైకి చూసుకుంటూ నిలబడ్డ మొహం కూడా కళ్ళలో ఉంది.

“ఇల్లు నా ఒక్కదాని పేరు మీద లేదండి. ఇద్దరిదీ. ఆయన్ని అడక్కుండా ఒక సంతకం పెట్టి ఇంత తెచ్చాను. రెండోది పెట్టను. ఆయన వద్దంటే, వద్దనే.”

“అడిగారా?”

“మేం మాట్లాడుకోవడం లేదండి.”

బాబాయ్ గొంతు సవరించుకున్నాడు. వెనక గుమ్మం దగ్గర ఎవరో కుర్చీ జరిపారు.

ఖాకీ చొక్కా, చేతిలో డ్యూటీ సంచి. ఎప్పుడొచ్చాడో తెలీదు. మాటలన్నీ విన్నాడని మాత్రం మొహం చెబుతోంది.

“బావా,” అని తమ్ముడు లేచాడు.

“కూర్చో. నేను ఇంటాయన్నండి,” అన్నాడు మేనేజరుతో. “ఇల్లు ఇవ్వం అని చెప్పడానికే పొద్దున డ్యూటీ మార్చుకుని వచ్చాను. ఈవిడ సంతకం పెట్టేస్తుంది, ఆపాలనుకున్నాను.” కాస్త ఆగాడు. “ఆవిడే ఆపుకుంది. ఇప్పుడు నాకేం చెప్పాలో తెలీటం లేదు. అసలా ష్యూరిటీ కాగితం ఎలా ఉంటుందో చూపించండి.”

మేనేజరు సొరుగులోంచి ఒక ఫారం తీశాడు. అచ్చులో ఉన్నది కొంత, ఖాళీలు చాలా. “పేర్లు, వివరాలు మేం తర్వాత నింపుకుంటాం. మీ ఇద్దరూ ఇక్కడ, ఇక్కడ పెడితే చాలు.”

బాబాయ్ నోరు తెరిచి మూసుకున్నాడు. ఆమె మొహం ఎర్రబడింది. ఇంటాయన మీసాల్లో ఏదో కదిలింది. నవ్వో కాదో చెప్పడం కష్టం.

“మీకూ చేతులకి జిగురేనా సార్?” అన్నాడు. “నింపండి. నింపాక చదివి వినిపించాలి. ఒరే, మీ అక్కని చదవమను.”

“అక్కా, బావ చదవమంటున్నాడు.”

“వినపడింది.”

బ్యాంకు గుమస్తా కంప్యూటర్లో వివరాలు కొట్టి, కాగితం తీసుకొచ్చి ఆమె ముందు పెట్టాడు. ఆమె గొంతు సవరించుకుని మొదటి వాక్యం నుంచి చదవడం మొదలుపెట్టింది. సంఘం పేరు. అప్పు తీసుకున్న తేదీ. కలిసిగానీ విడివిడిగాగానీ. ఆస్తి పూచీ ఇచ్చినవారు, ఒకటి...

అక్కడ ఆగిపోయింది.

“ఒకటో పేరు ఏముంది?” అన్నాడు బాబాయ్.

“పొడుగన్నయ్యది,” అంది. “దుకాణం రాశాడు.”

“ఆయన పొద్దున మేం తలుపులు తీసేసరికే మెట్ల మీద కూర్చుని ఉన్నారు,” అన్నాడు మేనేజరు. “మీరు రాజీనామా చేశారు, మీ జోలికి రామండీ అని నేనూ చెప్పాను. ‘ఆర్డరు తెచ్చింది నేను. తీర్మానం రాసింది ఈ చెయ్యి’ అన్నారు. సంతకం పెట్టేశారు. ఒక్క మాట అడిగారు. సెక్రటరీ గారి ఇల్లు ఇందులోకి తీసుకోవద్దన్నారు. కానీ ఆ దుకాణం సగానికే సరిపోతుంది. మిగతా సగానికి ఎవరో ఒకరు కావాలి.”

ఆమె కన్నీళ్ళు తుడుచుకోలేదు. జిగురు చేతులతో కళ్ళు ముట్టుకోకూడదని పదమూడేళ్ళ అలవాటు.

ఇంటాయన సంచిలోంచి టిఫిన్ డబ్బా తీసి బల్ల మీద పెట్టాడు. దాని కింద నుంచి కవరు తీశాడు. విప్పలేదు. రెండు చేతులతో పట్టుకుని కూర్చున్నాడు.

“మాకు రెండు గదులు సార్,” అన్నాడు చివరికి. “కొత్త గది మీద నాకు కాస్త ప్రాణం. పాత గది ఒక్కటీ రాసుకుంటారా?”

“ఇంటిని గదులుగా విడదీసి రాసుకోవడం కుదరదండి.”

“కుదరదా? పదకొండు మంది అప్పుని ఒక్కళ్ళ దగ్గర విడివిడిగా వసూలు చెయ్యడం మాత్రం కుదురుతుందా?”

మేనేజరు కళ్ళద్దాలు పెట్టుకుని, మళ్ళీ తీశాడు. ఆ ప్రశ్న ఆయన్ని ఎవరూ అడిగినట్టు లేదు. “లైబ్రరీ పని వస్తుందన్న ఉత్తరం ఏమైనా ఉందా మీ దగ్గర?”

“ఉంది,” అంది ఆమె. “షెడ్డులో.”

“అది తీసుకురండి. దుకాణం మీద సగం పూచీ, సంఘం ఆదాయం మీద మిగతా సగం అని పైవాళ్ళని అడిగి చూస్తాను. ఒప్పుకుంటారని నేను మాటివ్వలేను. నాలుగింటికి ఫోన్లో మాట్లాడతాను. అప్పటికి ఆ దుకాణం ఆయన కూడా ఇక్కడ ఉండాలి, మీ పక్కన. ఆయన ఒకవైపు, మీరొకవైపు ఉంటే నేను ఎవరి తరఫున మాట్లాడను?”

బయట మెట్ల మీద ఎండ గట్టిగా ఉంది. బాబాయ్ ఉత్తరం కోసం షెడ్డుకి బయల్దేరాడు. తమ్ముడు అఫిడవిట్ నాలుగు మడతలు పెట్టి జేబులో దాచుకున్నాడు, గుమస్తాలు కాగితం పారెయ్యరు. ఆమె మినిట్స్ పుస్తకం గుండెలకి ఆనించుకుని అక్కడే నిలబడింది. నాలుగింటిలోగా ఆ వీధిలోకి వెళ్ళాలి. ఎనిమిది నెలలుగా నడవని వీధి. ఏ మొహంతో వెళ్ళాలి, వెళ్ళి మొదటి మాట ఏమనాలి, ఆయన మొహం తిప్పుకుంటే?

ఇంటాయన చెప్పులేసుకుని రెండు మెట్లు దిగాడు. ఆగాడు. తమ్ముడి వైపు చూడలేదు. వెనక్కి తిరిగి, నాలుగు రోజుల తర్వాత మొదటిసారి, సూటిగా ఆమె మొహంలోకి చూశాడు.

“ఏమే, ఆ పొడుగాయన దుకాణం మధ్యాహ్నం మూసేస్తాడా? త్వరగా నడువు, నేనూ వస్తున్నాను.”